కిరాతధూళి: బెజవాడ ఆకాశంలో ఒక ఊహా నెబ్యులాను కట్టడం ఎలా

తెలుగులో సైన్స్ ఫిక్షన్ రాయడానికి కూర్చున్నవాళ్లలో చాలామంది నెబ్యులా (అంతరిక్షంలోని వాయువు, ధూళి మేఘం) దగ్గరికి వచ్చేసరికి ఒకే పని చేస్తారు. ఫోన్‌లో హబుల్ అంతరిక్ష టెలిస్కోప్ తీసిన ఫోటో ఒకటి తెరిచి, అందులోని ఎరుపు, నీలం, బంగారు రంగు మబ్బుల్ని వర్ణించేస్తారు. కథకు కాస్త మన వాసన ఉండాలని ఆ తర్వాత ఒక మునినో దేవతనో తెచ్చి ఆ రంగులకు అతికిస్తారు. చదువుతుంటే అతుకు కనబడిపోతుంది. ఆ ముని కాలంలో ఆ రంగులు చూసినవాడెవడూ లేడు మరి.

ఈ మార్గదర్శిలో మనం నక్షత్రాలు పుట్టే నెబ్యులా ఒకదాన్ని మొదటి నుంచి కడతాం. పేరు కిరాతధూళి. ఇది ఆకాశంలో లేదు, పూర్తిగా కల్పితం. కానీ దాని చుట్టూ ఉండే చుక్కలు, లెక్కలు, నెలలు, కొండ అన్నీ నిజమైనవే. నేను పట్టుబట్టే నియమం ఒక్కటే: పురాణం కంటికి కనబడినదాంట్లోంచి పుట్టాలి, ఫోటోలోంచి కాదు. కథలు రాసేవాళ్లకే కాదు, సైన్స్ ఫెయిర్‌కు ప్రాజెక్టు చేసే పిల్లలకూ, వాళ్ల మేస్టార్లకూ ఈ పద్ధతి పనికొస్తుంది.

కావలసినవి: ఒక నోటు పుస్తకం, కంప్యూటర్‌లో ఏ ఊరి, ఏ రోజు ఆకాశాన్నైనా చూపించే, ఉచితంగా దొరికే స్టెల్లేరియం, వీలుంటే 7×50 లేదా 10×50 బైనాక్యులర్స్, ఊరి దీపాలకు దూరంగా ఒక రాత్రి.

1. ముందు అసలుదాన్ని చూసి రండి

ఊహ రాయబోయేముందు నిజాన్ని ఒకసారి కళ్లారా చూడాలి. మన అక్షాంశం నుంచి బాగా కనబడే నక్షత్రాల పురుడుగది ఒరాయన్ నెబ్యులా. 18వ శతాబ్దపు ఫ్రెంచి ఖగోళవేత్త చార్లెస్ మెస్సియే జాబితాలో దాని సంఖ్య 42. దూరం సుమారు 1,344 కాంతి సంవత్సరాలు, అడ్డంగా దాదాపు 24 కాంతి సంవత్సరాలు. విజయవాడ 16.5 డిగ్రీల ఉత్తర అక్షాంశం మీద ఉంది కాబట్టి అది దక్షిణ దిక్కున 68 డిగ్రీల ఎత్తుకు వస్తుంది. అంటే మెడ బాగా ఎత్తి చూడాలి. డిసెంబరు మధ్యలో అర్ధరాత్రికి, ఫిబ్రవరి మొదట్లో రాత్రి తొమ్మిదికి ఆ ఎత్తులో ఉంటుంది.

బెంజ్ సర్కిల్ దగ్గర నిలబడి చూస్తే ఏమీ కనబడదు, ఆ శ్రమ పడొద్దు. గుంటూరు వాళ్లకు బాపట్ల దాటి సూర్యలంక తీరం మంచి చోటు, దక్షిణాన సముద్రం తప్ప దీపాలు తక్కువ. బెజవాడ వాళ్లు కొండపల్లి అవతలికి పోవచ్చు. అమావాస్యకు అటూ ఇటూ రోజులు ఎంచుకోండి. డెల్టాలో చలికాలం తెల్లవారుజామున మంచు దిగుతుంది కాబట్టి రాత్రి పదకొండు లోపు పని ముగించుకోవడం మేలు.

అక్కడికి వెళ్లాక ఫోన్ జేబులో పెట్టేయండి. కంటికి చీకటి అలవాటు కావడానికి కనీసం ఇరవై నిమిషాలు పడుతుంది. మధ్యలో ఒక్కసారి వాట్సాప్ తెరిస్తే మళ్లీ మొదటికే. ఒరాయన్ చుక్కల గుంపులో మూడు చుక్కలు వరుసగా ఉన్న నడుంపట్టీ దొరకగానే దాని కింద వేలాడుతున్నట్టుండే మరో చిన్న వరుస చూడండి. మధ్యలో ఉన్నది మిగతావాటిలా సూటిగా మెరవదు. దాన్ని నేరుగా కాక కాస్త పక్కకు చూపు పెట్టి, కంటి అంచుతో చూడండి. అద్దం మీద ఊపిరి వదిలితే పడే మసకలాంటిది బయటపడుతుంది. రంగేమీ ఉండదు.

ఇప్పుడు నోటు పుస్తకంలో ఆ చూసింది రాసుకోండి, బొమ్మ గీసుకోండి. ఎంత పెద్దగా ఉంది, అంచులు ఎలా ఉన్నాయి, ఎటు పక్క మసక ఎక్కువగా ఉంది, రెప్ప వేస్తే ఏమైంది. మీ పురాణానికి ముడిసరుకు ఈ పేజీయే. ఇంటికొచ్చాక ఫోటో చూడాలనిపిస్తుంది. చూడండి, కానీ దాన్ని ఈ పేజీలో కలపొద్దు.

2. ఆకాశంలో స్థలం కొనండి

నక్షత్రాలు పుట్టే మేఘాలు ఎక్కడపడితే అక్కడ ఉండవు. చల్లని వాయువు, ధూళి ఎక్కువగా ఉండేది మన పాలపుంత పళ్లెంలో. కాబట్టి మీ నెబ్యులా కూడా పాలపుంత పట్టీ మీదో, దానికి దగ్గరలోనో ఉండాలి. సప్తర్షి మండలం నడిమధ్యలో పెట్టి ఊరుకుంటే తెలిసినవాడు నవ్వుతాడు, ఎందుకంటే అటు చూస్తే మనం పళ్లెం బయటికి చూస్తున్నట్టు.

మరో రెండు షరతులు. మన ఊరి నుంచి బాగా ఎత్తున కనబడాలి, పురాణం ఉన్న చుక్కల మధ్య ఉండాలి. దక్షిణాన కరీనా నెబ్యులా ఒరాయన్ నెబ్యులా కంటే ఎంతో పెద్దది, కానీ విజయవాడ నుంచి చూస్తే దిక్చక్రానికి పద్నాలుగు డిగ్రీలు కూడా పైకి రాదు. సముద్రపు ఒడ్డున తప్ప ఇళ్లూ చెట్లూ కొండలూ మింగేస్తాయి.

కిరాతధూళికి నేను ఎంచుకున్న చోటు ఆర్ద్ర, మృగవ్యాధుడు, ప్రోసియాన్ అనే మూడు ప్రకాశమైన చుక్కలు కట్టే త్రికోణం లోపల. ఆర్ద్ర అంటే ఒరాయన్ భుజం మీది ఎర్రటి బెటెల్‌గ్యూస్, మృగవ్యాధుడు అంటే రాత్రి ఆకాశంలో అన్నిటికంటే ప్రకాశమైన సిరియస్. ఆ రెంటినీ కలిపే గీతకు నడుమ నుంచి కాస్త తూర్పుకు జరిగితే మన స్థలం. ఖగోళ మధ్యరేఖకు (భూమధ్యరేఖను ఆకాశం మీదికి చాపితే వచ్చే గీతకు) సుమారు 5 డిగ్రీలు దక్షిణం. పాలపుంత అక్కడి నుంచే పోతుంది, ఇరుగుపొరుగున నిజమైన నెబ్యులాలు కూడా ఉన్నాయి. రోజెట్ నెబ్యులా కాస్త ఉత్తరంగా, సుమారు 5,000 కాంతి సంవత్సరాల దూరంలో ఉంది. మన స్థలంలో మాత్రం కంటికి కొట్టొచ్చేది ఏదీ లేదు, ఖాళీయే.

స్టెల్లేరియంలో ఊరు విజయవాడ అని పెట్టి, జనవరి 1 అర్ధరాత్రికి తిప్పి చూడండి. ఆ చోటు దక్షిణాన దాదాపు నడినెత్తికి వచ్చి ఉంటుంది. ఈ ఒక్క తేదీ గుర్తుంటే మిగతావన్నీ లెక్క కట్టుకోవచ్చు. చుక్కలు రోజుకు నాలుగు నిమిషాలు ముందుగా వస్తాయి, నెలకు రెండు గంటలు. సంక్రాంతికి రాత్రి పదకొండు, ఫిబ్రవరి మధ్యకు తొమ్మిది.

3. దూరం, పరిమాణం

ఇక్కడ ఎక్కువసేపు కూర్చోనక్కర్లేదు. దూరాన్ని, ఆకాశంలో కనబడే వెడల్పు డిగ్రీలతో హెచ్చించి 57.3తో భాగిస్తే అసలు వెడల్పు వస్తుంది. కిరాతధూళి 1,500 కాంతి సంవత్సరాల దూరంలో ఉండి, నిండు చంద్రుడంత, అంటే అర డిగ్రీ వెడల్పున కనబడుతుందనుకుందాం. 1,500 × 0.5 ÷ 57.3. సుమారు 13 కాంతి సంవత్సరాలు. ఒరాయన్ నెబ్యులాలో సగం పైచిలుకు. నమ్మదగ్గ సంఖ్యే.

ఈ దూరం కథకు ఒక కానుక కూడా ఇస్తుంది. ఈ రాత్రి మన కంటిని చేరే వెలుగు అక్కడ బయల్దేరినప్పుడు ఇక్కడ విష్ణుకుండినులు ఏలుతున్నారు. ఆ మాట కథలో ఎక్కడో ఒకచోట వాడుకోండి, రెండుసార్లు వద్దు. "చూస్తున్నది గతాన్ని" అనే డైలాగ్ అరిగిపోయింది.

4. దీపం వెలిగించండి

మేఘం తనంతట తాను వెలగదు. నక్షత్రాలు పుట్టే మేఘం మామూలుగా 10 నుంచి 20 కెల్విన్ల చలిలో ఉంటుంది, మన లెక్కలో సున్నాకు 250 డిగ్రీలకు పైగా కింద. అంత చలి ఉండబట్టే వాయువు తన బరువుకు తాను కుంగి ముద్దలు కడుతుంది. వేడి ఎక్కువైతే వాయువు ఒత్తిడి గురుత్వాన్ని ఎదిరించి నిలబడుతుంది. ఎంత చలికి, ఎంత సాంద్రతకు, ఎంత ద్రవ్యరాశి ఉంటే కుంగుతుందో బ్రిటిష్ శాస్త్రవేత్త జేమ్స్ జీన్స్ 1902లోనే లెక్క కట్టాడు. చలికీ పుట్టుకకూ ఉన్న ఈ సంబంధం కథకులు వాడుకోరు ఎందుకో! అందరూ "అగ్నిగర్భం" అనే రాస్తారు.

మేఘంలో పుట్టినవాటిలో ఒకటో రెండో చాలా పెద్ద నక్షత్రాలైతే అప్పుడు నెబ్యులా వెలుగుతుంది. వాటి ఉపరితలం 30,000 కెల్విన్లు దాటి ఉండాలి, మన సూర్యుడిది 5,800 లోపే. అంత వేడి చుక్క చిమ్మే అతినీలలోహిత కిరణాలు హైడ్రోజన్ పరమాణువు నుంచి ఎలక్ట్రాన్‌ను ఊడగొడతాయి. ఆ ఎలక్ట్రాన్ మళ్లీ జత కట్టి మెట్లు దిగుతూ వచ్చేటప్పుడు వెలుగు వస్తుంది. అందులో ఒక మెట్టుది 656.3 నానోమీటర్ల ఎరుపు. ఫోటోల్లో కనబడే ఎర్రదనం దీనిదే.

కిరాతధూళి నడుమ 35,000 కెల్విన్ల నక్షత్రం ఒకటి పెట్టండి. ధూళి కాస్త అడ్డుపడ్డా, ఈ దూరం నుంచి అది కంటికి అందీ అందని చుక్కగా మసక మధ్యలో ఉంటుంది. దాని చుట్టూ వందల కొద్దీ చిన్న నక్షత్రాలు, ఇంకా పుడుతూ ఉన్నవి. కొన్నిటి చుట్టూ ధూళి పళ్లాలు, గ్రహాలు తయారయ్యే సరుకు. ఒరాయన్ నెబ్యులాలో అలాంటి పళ్లాల్ని 1990లలో హబుల్ స్పష్టంగా చూపించింది.

ఇక వయసు. కల్పిత నెబ్యులాలు ఎక్కువగా తప్పేది ఇక్కడే. దీపంగా పెట్టిన పెద్ద నక్షత్రం కొన్ని మిలియన్ల ఏళ్లే బతుకుతుంది, తర్వాత సూపర్నోవాగా పేలిపోతుంది. సూర్యుడంత నక్షత్రం కుంగడం మొదలైన దగ్గర్నుంచి స్థిరపడేదాకా దాదాపు 5 కోట్ల ఏళ్లు పడుతుంది. అంటే ఇంట్లో పెద్దవాడి దినకర్మలు అయిపోయాక కూడా చిన్నవాళ్లకు ఇంకా ఎదిగే వయసే. అప్పటికి నెబ్యులా వాయువంతా ఎగిరిపోయి చుక్కల గుంపు మాత్రం మిగులుతుంది. కృత్తికలు అలా మిగిలినవే, వాటి వయసు సుమారు పది కోట్ల ఏళ్లు.

కిరాతధూళికి 15 లక్షల ఏళ్ల వయసు ఇస్తున్నాను. డైనోసార్లు 6.6 కోట్ల ఏళ్ల కిందటే పోయాయి కాబట్టి అవి దీన్ని చూడలేదు. "సృష్ట్యాది నుంచీ వెలుగుతున్న నెబ్యులా" అని మీ పాత్ర అనొచ్చు, కథకుడిగా మీరు అనకూడదు.

5. రంగులతో జాగ్రత్త, దగ్గరికి వెళ్తే మరీ జాగ్రత్త

గుంటూరు వాళ్లం కాబట్టి ఫోటో చూడగానే "మిర్చి నెబ్యులా" అని పేరు పెట్టాలనిపిస్తుంది. ఇన్‌స్టాలో బాగానే ఉంటుంది. కానీ చీకట్లో పనిచేసే కంటి కణాలకు రంగులు తెలియవు, అందులోనూ ఎరుపు అసలే అందదు. పెద్ద టెలిస్కోప్‌లో ఒరాయన్ నెబ్యులా బూడిద రంగులో, ఒక్కోసారి లేత ఆకుపచ్చ ఛాయలో కనబడుతుంది. ఆ ఆకుపచ్చ 500.7 నానోమీటర్ల గీతది. 19వ శతాబ్దంలో ఈ గీతకు కారణం తెలియక కొత్త మూలకం ఏదో ఉందనుకుని "నెబ్యులియం" అని పేరు పెట్టుకున్నారు. రెండు ఎలక్ట్రాన్లు పోగొట్టుకున్న ఆక్సిజనే అది అని 1927లో ఐరా బోవెన్ తేల్చాడు. మీ కథలో ఒక పాత్ర నెబ్యులియం కోసం జీవితమంతా వెతికితే అదే ఒక మంచి కథ.

హబుల్ 1995లో తీసిన "సృష్టి స్తంభాలు" ఫోటోలో రంగులు కంటి రంగులు కావు. గంధకానికి ఎరుపు, హైడ్రోజన్‌కు ఆకుపచ్చ, ఆక్సిజన్‌కు నీలం అని కేటాయించి కలిపారు. ఇది మోసం కాదు, ఏ వాయువు ఎక్కడుందో చూపించే పద్ధతి.

ఇప్పుడు అంతరిక్ష నౌక సీన్. నౌక దగ్గరికి వెళ్లే కొద్దీ నెబ్యులా ధగధగా వెలిగిపోతుందని రాస్తారు. వెలగదు. దగ్గరికి వెళ్తే వెలుగు ఎక్కువే వస్తుంది, కానీ అదే లెక్కన నెబ్యులా ఆకాశంలో ఎక్కువ చోటు ఆక్రమిస్తుంది. చోటుకు పడే వెలుగు మారదు. దారిలో ధూళి తగ్గడం వల్ల కొంచెం మెరుగు కావచ్చు, అంతే. సూర్యలంకలో నోటు పుస్తకంలో రాసుకున్న ఆ మసకే, కాకపోతే సగం ఆకాశం నిండా. లోపలికి వెళ్తే మబ్బులో దూరినట్టు కూడా ఉండదు. వెలిగే భాగంలో ఘన సెంటీమీటరుకు వందలో వేలో కణాలుంటాయి. మనం పీల్చే గాలిలో అదే చోట రెండు పక్కన 19 సున్నాలు పెడితే వచ్చేదానికి పైనే ఉంటాయి. మన ప్రయోగశాలల్లో మామూలుగా చేసే శూన్యం కంటే కూడా నెబ్యులా ఖాళీ. నౌకలు దాని చాటున దాక్కునే సీన్ రాసుకుని ఉంటే కొట్టేయండి. దానికి బదులు, ప్రయాణికులందరూ కిటికీ దగ్గర చేరి "ఇంకా ఎప్పుడొస్తుంది?" అని అడుగుతుంటే, "గంటసేపటి నుంచీ దాని లోపలే ఉన్నాం" అని పైలట్ చెప్పే సీన్ రాయండి. నాకైతే ఇదే ఎక్కువ నచ్చుతుంది.

6. పంచాంగం కుదర్చండి

పురాణం రాసే ముందు నెబ్యులా ఏడాదంతా ఏం చేస్తుందో ఒక పేజీ రాసుకోవాలి. రైతుకు, గొర్రెల కాపరికి, పడవవాడికి నెబ్యులాలో ఏముందన్నది కాదు ముఖ్యం. అది ఎప్పుడొస్తుంది, ఎప్పుడు పోతుంది అన్నదే.

కిరాతధూళి దగ్గరలోకి సూర్యుడు జులై మొదట్లో వస్తాడు. మే నెలాఖరుకు సాయంత్రం పడమట వెలుగులో కలిసిపోయి, జూన్, జులై నెలల్లో అసలు కనబడదు. కార్తెల్లో చెప్పాలంటే రోళ్లు పగిలే రోహిణిలో మాయమవుతుంది, మృగశిర, ఆర్ద్ర కార్తెల్లో లేదు. ఆగస్టులో తెల్లవారుజామున తూర్పున తిరిగి రావాలి. కానీ అప్పటికి మనకు నైరుతి మబ్బులు. ఒక తెరపి రాత్రి ఎవడికో తటాలున కనబడితే కనబడినట్టు. అందరికీ నికరంగా కనబడేది వానలు వెనకబట్టాక, కార్తీకం దాటాకే.

ఇప్పుడు ఇది చూడండి. ఎండలు ముదిరి నేల దుమ్ము రేగినన్నాళ్లూ ఆకాశంలో ఒక మసక ఉంది. తొలకరి పడే సమయానికి అది లేదు. వానలు పోయి నేల ఆరాక మళ్లీ వచ్చింది. చూసినవాడు ఏమనుకుంటాడు? పైన ఉన్నది దుమ్మని, వానకు అణిగిందని. ఈ ఊహ నేను కష్టపడి అల్లింది కాదు, స్థలం, పంచాంగం కుదిరాక దానంతట అదే వచ్చి కూర్చుంది. మీ నెబ్యులాకు వేరే చోటు ఎంచుకుంటే మీకు వేరేది దొరుకుతుంది. దొరక్కపోతే చోటు మార్చండి, పురాణాన్ని బలవంతపెట్టొద్దు.

ఇక్కడే రెండు తప్పులు కాచుకుని ఉంటాయి. ఒకటి, చంద్రుడు. సూర్యచంద్రులు, గ్రహాలు నడిచే దారి ఈ చోటుకు బాగా ఉత్తరంగా పోతుంది. కాబట్టి "నిండు చంద్రుడు కిరాతధూళిని కప్పేశాడు" అని రాయడానికి లేదు. కానీ ధనుర్మాసంలో ఆరుద్ర నక్షత్రం నాడు చంద్రుడు ఆ పక్కనే నిండుగా ఉంటాడు, ఆ వెన్నెలకు మసక పూర్తిగా మునిగిపోతుంది. శివాలయాల్లో ఆరుద్రోత్సవం జరిగే రాత్రే శివుడి గుర్తు ఆకాశంలో కనబడదన్నమాట. వాడుకోండి.

రెండోది కాలం. భూమి అక్షం బొంగరంలా ఊగడం వల్ల చుక్కల నేపథ్యంలో రుతువులు 72 ఏళ్లకు ఒక డిగ్రీ చొప్పున జరుగుతాయి. కథను రెండు వేల ఏళ్ల కిందటి ధాన్యకటకంలో పెడితే మసక మాయమయ్యేది, తిరిగొచ్చేది నాలుగు వారాలు ముందుకు పోతాయి. అప్పుడది తొలకరికి చాలా ముందే మాయమై, జులైకే తిరిగొస్తుంది, దుమ్ము కథ కాస్త వదులవుతుంది. స్టెల్లేరియంలో సంవత్సరం వెనక్కి తిప్పితే స్వయంగా చూడొచ్చు. అందుకే నేను పురాణాన్ని మరీ వెనక్కి నెట్టను, నాలుగైదు వందల ఏళ్ల నుంచి చెప్పుకుంటున్న స్థల కథగానే ఉంచుతాను.

7. ఉన్న పురాణం పక్కన కొత్తది నాటండి

ఈ ఆకాశం ఖాళీది కాదు, ముందే ఒక కథ నడుస్తోంది. ఐతరేయ బ్రాహ్మణంలో ప్రజాపతి మగ జింకై తన కూతురి వెంటపడతాడు. దేవతలు తమ ఘోర రూపాలన్నీ కలిపి ఒకణ్ని సృష్టిస్తే, అతడు బాణం వేసి కొడతాడు. ఆ జింకే మృగశిర, వేటగాడు మృగవ్యాధుడు, కూతురు రోహిణి. మూడు ముక్కల బాణాన్ని నడుంపట్టీలోని మూడు చుక్కలుగా చెప్పుకుంటారు. ఆర్ద్రకు అధిదేవత రుద్రుడు.

ఇటు నేల మీద బెజవాడకు మరో వేటగాడు ఉన్నాడు. అర్జునుడు తపస్సు చేస్తుంటే శివుడు కిరాతుడి వేషంలో వచ్చాడు. మూకాసురుడు పందై మీదికొస్తే ఇద్దరి బాణాలూ ఒకేసారి తగిలాయి. ఎవరి వేట అన్నదాని మీద గొడవ, యుద్ధం, చివరకు పాశుపతం. భారతంలో ఇది హిమాలయాల్లో జరుగుతుంది, స్థలపురాణం మాత్రం ఇంద్రకీలాద్రి మీద అంటుంది. విజయుడి పేరు మీదే విజయవాడ అని మనవాళ్లు చెప్పుకుంటారు.

రెండు చోట్లా రుద్రుడే వేటగాడు. ఆకాశంలో వేటగాడి పక్కనే మనం పెట్టిన మసక ఉంది. పందికి రెండు బాణాలూ తగిలి పడినప్పుడు లేచిన దుమ్ము. ఎవరి బాణం ముందన్నది తేలలేదు కాబట్టి ఆ దుమ్ము కూడా దిగలేదు. ఏటా తొలకరికి అణిగి, తగవు తీరక మళ్లీ లేస్తుంది. ఇదీ కిరాతధూళి కథ. భారతంలో ఈ దుమ్ము లేదు, మనం కల్పించాం.

కంటి మసక నుంచి పురాణం పుట్టడం నేను కనిపెట్టిన కిటుకు కాదు. గ్వాటెమాలాలోని కిచే మాయా జనం ఒరాయన్‌లోని మూడు చుక్కల్ని మూడు పొయ్యి రాళ్లంటారు. వాటి నడుమ ఉన్న అసలు ఒరాయన్ నెబ్యులా వాళ్లకు పొయ్యిలోంచి లేచే పొగ. టెలిస్కోప్ లేదు, ఎర్ర రంగు లేదు. చూపు, పొయ్యి, అంతే.

తర్వాత ఒకే కథతో ఆపొద్దు. నిజమైన జానపదానికి రెండు మూడు పాఠాలుంటాయి, అవి ఒకదానితో ఒకటి పడవు. గుడి దగ్గర చెప్పేది పై కథ అనుకుందాం. పల్నాడు మెట్ట పొలాల్లో దీన్ని ఉత్త "దుమ్ముచుక్క" అంటారనీ, అది మాయమైనప్పుడు దుక్కి మొదలెట్టాలంటారనీ పెట్టండి. అక్కడ అర్జునుడూ లేడు, శివుడూ లేడు.

"దుమ్ముచుక్క దిగిందా?"

"ఇంకా లేదు మావా, నిన్న రాత్రి కూడా కొండ మీద కనపడింది."

"అయితే ఇత్తనాలు తీయమాక."

ఈ మూడు ముక్కలు నాలుగు పేజీల వర్ణన చేసే పని చేస్తాయి.

దిక్కులు కూడా సరిచూసుకోండి. కిరాతధూళి దాదాపు నిక్కంగా తూర్పున పొడిచి, పడమట అస్తమిస్తుంది, మధ్యలో దక్షిణంగా నడుస్తుంది. సీతానగరం ఒడ్డున నిలబడి కృష్ణ అవతలి ఇంద్రకీలాద్రిని చూసేవాడు ఉత్తరానికి చూస్తున్నాడు, వాడికి కొండ మీద ఇది ఎన్నటికీ కనబడదు. కొండకు తూర్పున, పాత బెజవాడ వైపు ఉన్నవాడికి మాత్రం చైత్రంలో రాత్రి పది పదకొండు మధ్య సరిగ్గా కొండ వెనక్కి దిగుతుంది. కాబట్టి ఆ కథ పుట్టిన చోటు కొండకు తూర్పు పక్క వీధులే కావాలి. వీధి దీపాలు లేని రోజుల్లో.

8. శాస్త్ర చరిత్రలో చోటివ్వండి

కంటికి కనబడే నెబ్యులాను "2019లో కనిపెట్టారు" అని రాయలేరు. మెస్సియే పారిస్ నుంచి 1769లోనే ఒరాయన్ నెబ్యులాను జాబితాకెక్కించాడు, దీన్ని వదిలేవాడు కాదు. పురాణం కావాలంటే అది కనబడాలి. కొత్తగా కనిపెట్టినట్టు కావాలంటే ధూళి వెనక దాగి ఉండాలి. రెండూ కావాలంటే కుదరదు, ఒకటి ఎంచుకోండి.

అయితే ఒక సందు ఉంది. కళ్లకు కనబడే ఒరాయన్ నెబ్యులానే టెలిస్కోప్‌కు ముందు ఎవరూ స్పష్టంగా మసకగా రాసిపెట్టలేదు. పర్షియన్ ఖగోళవేత్త అల్ సూఫీ 964లో ఆండ్రోమెడాలోని మసకను చిన్న మబ్బుగా నమోదు చేశాడు కానీ ఒరాయన్‌లోనిదాన్ని చేయలేదు. గెలీలియో ఆ చుట్టుపక్కల చుక్కలు లెక్కపెట్టి కూడా వదిలేశాడు. 1610లో చూసి రాసింది పైరెస్క్ అనే ఫ్రెంచి ఆయన. కాబట్టి గ్రంథాల్లో లేకుండా జనం నోట మాత్రమే ఉండిపోయిన మసక అనేది నమ్మదగ్గదే. "మన వేదాల్లో నెబ్యులా గురించి ముందే రాశారు" అనే దారి మాత్రం తొక్కొద్దు. పాతవాళ్లు తమ కళ్లతో చూసి గొప్పగా చెప్పినదాన్ని తీసి, వాళ్లు చూడనిదాన్ని వాళ్ల నోట్లో పెట్టడం వాళ్లకేం గౌరవం?

తర్వాతి మెట్టుకు మన దగ్గరే సరుకుంది. విశాఖపట్నంలో జి.వి. జగ్గారావు 1840లో సొంత అబ్జర్వేటరీ పెట్టుకున్నారు. హైదరాబాద్‌లో నిజామియా అబ్జర్వేటరీ ఆకాశం మొత్తాన్ని ఫోటో పలకల మీదికెక్కించే అంతర్జాతీయ పనిలో పాలుపంచుకుంది. అలాంటి చోట పనిచేసే కల్పిత గుమాస్తా ఒకడు, బెజవాడలో అత్తగారింటికి వచ్చినప్పుడు దుమ్ముచుక్క మాట విని, తిరిగెళ్లి పలకలో వెతికాడనుకోండి. 1864లో ఇంగ్లీషు ఖగోళవేత్త విలియం హగ్గిన్స్ ఒక నెబ్యులా వెలుగును విడగొట్టి అది చుక్కల గుంపు కాదు, వాయువే అని చూపించాక, ఆ గుమాస్తాకు అడగాల్సిన ప్రశ్న కూడా సిద్ధంగా ఉంటుంది.

జాబితా సంఖ్య కావాలా? 1959 నాటి షార్ప్‌లెస్ జాబితాలో ఇలాంటి నెబ్యులాలు 313 ఉన్నాయి. కిరాతధూళికి షార్ప్‌లెస్ 314 ఇవ్వండి. తెలిసినవాడికి చూడగానే కల్పితమని అర్థమవుతుంది, తెలియనివాడికి అనుమానం రాదు. ఇక ముగింపులో జేమ్స్ వెబ్ అంతరిక్ష టెలిస్కోప్ పరారుణ కళ్లతో ధూళి లోపలికి చూసే సీన్ రాసేటప్పుడు గుర్తుంచుకోండి: నెబ్యులా ద్రవ్యరాశిలో ధూళి నూటికి ఒక వంతే, మిగతాదంతా వాయువు. కానీ వెనక ఉన్నదాన్ని దాచేది ఆ ఒక్క వంతే.

9. బయట పెట్టేముందు

బొమ్మ గీసినా, కంప్యూటర్‌తో చేయించినా, బొమ్మ లోపలే "కల్పితం" అని తెలుగులో రాయండి. కింద క్యాప్షన్‌లో రాస్తే చాలదు, క్రాప్ చేసేస్తారు. లేకపోతే వారం తిరక్కముందే అదే బొమ్మ "ఇంద్రకీలాద్రి మీద నాసా కనిపెట్టిన అద్భుతం" అంటూ మీ ఫ్యామిలీ గ్రూపులోకే వచ్చి పడుతుంది, అప్పుడు బాబాయికి సర్దిచెప్పలేక మీకు టెన్షన్.

రెండు బొమ్మలు పెట్టండి. ఒకటి కెమెరా చూసేది, ఎర్రగా, పోగులు పోగులుగా. రెండోది కన్ను చూసేది, నల్ల కాగితం మీద సుద్దముక్కతో వేలు రాసినంత మసక. చదివేవాళ్లలో ఎక్కువమంది మొదటిదాన్నే షేర్ చేస్తారు, చేయనివ్వండి. కథలో దుమ్ముచుక్క అన్న ప్రతిచోటా మీరు మాత్రం రెండోదాన్నే ఎదురుగా పెట్టుకుని రాయండి.